బొమ్మ ఎవరిది, గొంతు ఎవరిది: అస్తిత్వం, చిత్రణ, ప్రాతినిధ్యం మధ్య చిక్కుముడి

2024 డిసెంబరు 9న హైదరాబాదులోని సచివాలయ ఆవరణలో తెలంగాణ తల్లి కొత్త విగ్రహాన్ని ఆవిష్కరించినప్పుడు చర్చ అంతా బొమ్మ చేతుల చుట్టూ తిరిగింది. ఉద్యమకాలం నుంచి ఊరూరా నిలబెట్టిన రూపంలో తలమీద కిరీటం, నడుముకు వడ్డాణం, ఒక చేతిలో బతుకమ్మ, మరో చేతిలో మొక్కజొన్న కంకి ఉండేవి. కొత్త రూపంలో కిరీటం లేదు, బతుకమ్మ లేదు. ఆకుపచ్చ చీర కట్టుకున్న స్త్రీ కుడిచేత్తో అభయమిస్తూ, ఎడమచేతిలో వరి, జొన్న, సజ్జ, మొక్కజొన్న కంకులు పట్టుకుని నిలబడింది. కిరీటం పెడితే తల్లి రాణి అయిపోతుందని, పొలం పనిచేసే ఆడమనిషిలా ఉంటేనే జనానికి తల్లి అవుతుందని ఒక పక్షం అన్నది. బతుకమ్మ తెలంగాణ ఆడవాళ్ల సొంత పండుగ అని, దాన్ని చేతిలోంచి తీసేస్తే మిగిలేది ఏ ప్రాంతపు తల్లైనా కావచ్చని రెండో పక్షం అన్నది. విచిత్రమేమిటంటే తల్లి మనలాగే ఉండాలన్నదే ఇద్దరి వాదనా. ‘మనం’ అంటే ఎవరన్న దగ్గరే పేచీ వచ్చింది. తెలంగాణ తల్లి అనే భావనే తెలుగు తల్లి బొమ్మలో తాము కనిపించడం లేదన్న అసంతృప్తి నుంచి పుట్టిందని గుర్తుచేసుకుంటే, ఈ పేచీ కొత్తది కాదని తెలుస్తుంది.

కళ, సాహిత్యం అస్తిత్వాన్ని ప్రశ్నిస్తాయని వ్యాసాల్లో, సభల్లో తరచు వింటుంటాం. ఆ మాట నిజమే కాని, అందులో రెండు మూడు వేర్వేరు సంగతులు కలగాపులగమై ఉన్నాయి. వాటిని విడదీసి చూడకపోతే విగ్రహం గొడవైనా, సినిమా గొడవైనా, కథ మీద వచ్చే అభ్యంతరమైనా అర్థం కాదు.

పుట్టుమచ్చ, గుర్తింపు, ఉనికి: మాటలతో మొదలుపెడదాం

ముందుగా ‘అస్తిత్వం’ అనే మాట. తెలుగులో దీనికి రెండు జీవితాలున్నాయి. ఫ్రెంచి తత్వవేత్త సార్త్ర్ పేరుతో ముడిపడిన పాశ్చాత్య తత్వాన్ని అస్తిత్వవాదం అంటాం. అక్కడ అది ఒంటరి మనిషి ఉనికి గురించిన ఆలోచన. 1980లు, 90ల నుంచి స్త్రీవాద, దళిత, మైనారిటీ, ప్రాంతీయ సాహిత్యాలను అస్తిత్వ ఉద్యమాలు అంటున్నాం. ఇక్కడ అది ఒక సమూహంలో సభ్యులుగా మనం ఎవరిమన్న ప్రశ్న. పేరు ఒకటే కాబట్టి చర్చల్లో ఒకదాని బదులు ఇంకొకటి దూరిపోతుంది. ఈ వ్యాసంలో మాట్లాడేది రెండోదాని గురించి.

దీనికి దగ్గరలోనే ‘గుర్తింపు’ ఉంది. అది ఎక్కువగా ఇతరులు మనకిచ్చేది. పదో తరగతి పరీక్షకు నామినల్ రోల్ రాసేటప్పుడు అయ్యవారు పిల్లల్ని వరసగా నిలబెట్టి మెడమీద, మోచేతిమీద పుట్టుమచ్చలు వెతికి రాయడం మనలో చాలామందికి జ్ఞాపకమే. అలా రాసుకున్న రెండు మచ్చలే సర్టిఫికెట్టు మీద ఆ పిల్లవాడికి ఆనవాళ్లు. ఖాదర్ మొహియుద్దీన్ 1991లో రాసిన దీర్ఘకవితకు ‘పుట్టుమచ్చ’ అని పేరు పెట్టడంలోని పదును ఇక్కడే తెలుస్తుంది. తాను పుట్టకముందే తన పేరు దేశద్రోహుల జాబితాలో చేరిపోయిందని అందులో ఒక ముస్లిం గొంతు చెబుతుంది. ఒంటిమీది మచ్చను గుమాస్తా రాసుకున్నట్టే మతాన్ని సమాజం రాసుకుంది. మచ్చ ఉన్న మాట నిజమే, దానికి అర్థం చెప్పింది మాత్రం వేరేవాళ్లు. ఇతరులిచ్చిన గుర్తింపుకూ, తనకు తెలిసిన ఉనికికీ మధ్య ఉన్న ఎడమే ఆ కవితకు విషయం.

ఒకే ప్రశ్నలా కనిపించే రెండు ప్రశ్నలు

ఇక అసలు చిక్కు ‘ప్రాతినిధ్యం’ దగ్గర ఉంది. శాసనసభ్యుడు నియోజకవర్గానికి ప్రాతినిధ్యం వహిస్తాడంటే వాళ్ల బదులు నిలబడి మాట్లాడతాడని అర్థం. నవలలో ఒక కులాన్నో వృత్తినో చూపించడం అలాంటిది కాదు, అది చిత్రణ. ఇంగ్లీషులో ఈ రెండింటికీ ఒకే మాట వాడతారు. జర్మన్‌లో రెండు మాటలున్నాయి. సాహిత్య విమర్శకురాలు గాయత్రీ చక్రవర్తి స్పీవాక్ 1988లో అచ్చయిన తన ప్రసిద్ధ వ్యాసంలో మార్క్స్ వాడిన ఆ రెండు మాటలను పట్టుకునే, ఒకరి బదులు మాట్లాడటమూ ఒకరి బొమ్మ గీయడమూ వేర్వేరు పనులని, ఒకదాన్ని రెండోదానిగా చలామణీ చేయడంలో మోసం ఉందని వాదించింది. తెలుగుకు ఈ విషయంలో కొరత లేదు, మనకూ రెండు మాటలున్నాయి. అయినా ఇంగ్లీషును అనుసరించి రెండింటికీ ‘ప్రాతినిధ్యం’ అనే వాడుతున్నాం. నా ఉద్దేశంలో మన చర్చల్లోని సగం గందరగోళం అక్కడి నుంచే వస్తోంది.

ఒక ఉదాహరణ అనుకుందాం. ఒక కథలో మగ్గం నేసే మనిషి ఉన్నాడు. కథ పొడుగునా అతను అప్పులపాలై, తాగుతూ, చివరికి ఉరేసుకుంటాడు. చదివిన నేతపనివాళ్లు అభ్యంతరం చెప్పారు. ఆ అభ్యంతరం రెండు రకాలుగా ఉండవచ్చు. మా బతుకులో అప్పులొక్కటే లేవు, అచ్చు కట్టడంలో నేర్పు ఉంది, రంగులెంచే కన్ను ఉంది, వేళాకోళం ఉంది, అవి ఎక్కడికి పోయాయని అడిగితే అది చిత్రణ గురించిన ప్రశ్న. రచయిత మరింత శ్రద్ధ పెడితే దానికి జవాబు దొరుకుతుంది. మా గురించి ఇన్ని కథలు వచ్చాయి కదా, రాసినవాళ్లలో, అచ్చు వేసినవాళ్లలో, బహుమతులు నిర్ణయించినవాళ్లలో మావాళ్లు ఎందరున్నారని అడిగితే అది ప్రాతినిధ్యం గురించిన ప్రశ్న. కథ ఎంత గొప్పగా ఉన్నా దానితో ఆ ప్రశ్న తీరదు. మొదటి ప్రశ్నకు రెండో జవాబు, రెండో ప్రశ్నకు మొదటి జవాబు చెబుతూ పోతే వాదన ఎన్నేళ్లైనా సాగుతుంది, అలా సాగుతూనే ఉంది కూడా.

‘పూజ్యం’ అన్న మాటకు 354 జవాబులు

చిత్రణ సంగతి పక్కనబెట్టి, అసలు లెక్కలోకి రావడం కోసమే జరిగిన ప్రయత్నానికి మన సాహిత్య చరిత్రలో ‘గోలకొండ కవుల సంచిక’ను మించిన ఉదాహరణ లేదు. తెలంగాణలో కవులు పూజ్యం, అంటే సున్నా, అన్న ఒక పండితుడి మాటకు సురవరం ప్రతాపరెడ్డి వాదనతో జవాబు చెప్పి ఊరుకోలేదు. 1926 నుంచి నడుస్తున్న తన గోలకొండ పత్రిక ద్వారా పద్యాలు పంపమని కోరి, ఊరూరి నుంచి సేకరించి, 354 మంది కవుల రచనలతో 1934లో సంచిక తెచ్చారు. అది తెలంగాణ ఎలా ఉంటుందో వర్ణించిన పుస్తకం కాదు, తెలంగాణవాళ్లే మాట్లాడిన పుస్తకం.

అయితే దాని పరిమితి కూడా అక్కడే ఉంది. ‘మాకూ కవులున్నారు’ అని నిరూపించడానికి, కవి అంటే ఎవరన్న కొలతను ఎదుటివాళ్ల దగ్గరి నుంచే తీసుకోవలసి వచ్చింది. ఛందోబద్ధంగా పద్యం చెప్పేవాళ్లు ప్రధానంగా ఆ లెక్కలోకి వచ్చారు. నాట్లేస్తూ పాట కట్టిన ఆడవాళ్లు, ఒగ్గుకథ చెప్పేవాళ్లు ఆ కొలతకు అందలేదు. బయట ఉన్నవాళ్లు లోపలికి రావడానికి లోపలివాళ్ల తూకంరాళ్లే వాడితే, తూకంరాళ్లు ఎవరివన్న ప్రశ్న మిగిలిపోతుంది. గుర్రం జాషువా దగ్గరికి వస్తే ఆ ప్రశ్న మరో మలుపు తిరుగుతుంది.

సంగదాసు చావు, గబ్బిలం రాయబారం

ఉన్నవ లక్ష్మీనారాయణ అగ్రవర్ణంలో పుట్టిన బారిస్టరు. జైల్లో ఉండగా రాసి 1922లో వెలువరించిన ‘మాలపల్లి’లో ఆయన మాల రైతుకూలీ రామదాసు కుటుంబాన్ని నవల నడిబొడ్డున నిలబెట్టారు. రామదాసు కొడుకు సంగదాసును భూస్వామి చౌదరయ్య కొట్టి చంపుతాడు. నవలకు ‘సంగవిజయం’ అన్న రెండో పేరు వచ్చింది ఆ సంగదాసు వల్లనే. మాలవాడలోని మనుషులు వ్యావహారికంలో మాట్లాడతారు, కూలిరేట్లు తర్కిస్తారు, జైలుకు పోతారు. మద్రాసు ప్రభుత్వం పుస్తకాన్ని నిషేధించిందంటేనే అది ఎవరిని కలవరపెట్టిందో ఊహించవచ్చు.

తర్వాతి కాలపు దళిత విమర్శకులు దీన్ని మరో కోణంలో చదివారు. రామదాసు వేదాంతం తెలిసిన, కోపమెరుగని భక్తుడు. అతని సాధుత్వాన్ని చూసి పైకులాల పాఠకుడు కరుగుతాడు. అంటే గౌరవం దక్కాలంటే మాలవాడు ముందు వైష్ణవుడిలా కనిపించాలన్నమాట అని వాళ్ల ఆక్షేపణ. దీనికి ఎదురు వాదన కూడా బలంగానే ఉంది: 1922లో ఇంకెవరూ ఆ వాడలోకి అడుగుపెట్టి అంత పెద్ద కథ చెప్పలేదు, పైగా వెంకటదాసు లాంటి తిరగబడే కొడుకును కూడా అదే నవల చూపించింది. ఈ రెండు వాదనల్లో ఒకటి తప్పని తేల్చాల్సిన పని నాకు కనిపించదు. మొదటిది ప్రాతినిధ్యం గురించి మాట్లాడుతోంది, రెండోది చిత్రణ గురించి.

1941లో వచ్చిన జాషువా ‘గబ్బిలం’ వేరే దారి పట్టింది. మేఘసందేశంలో కాళిదాసు యక్షుడు అలకాపురిలోని ప్రియురాలికి మేఘంతో కబురు పంపుతాడు. జాషువా ఆ చట్రాన్ని అలాగే తీసుకున్నాడు, మనుషులను మార్చాడు. యక్షుడి చోట రాత్రి ఆకలితో గుడిసెలో పడుకున్న అరుంధతీ సుతుడు, అంటే అంటరానివాడని ఊరు వెలివేసిన మనిషి, మేఘం చోట దీపమార్పిన గబ్బిలం, ప్రియురాలి చోట కాశీ విశ్వేశ్వరుడు. ఈ మార్పుల్లో అన్నిటికన్నా గడుసుది రాయబారి ఎంపిక. ఆ మనిషికి గుడిలోకి ప్రవేశం లేదు, గబ్బిలానికి ఉంది. గర్భగుడిలో తలకిందులుగా వేలాడుతుంది కాబట్టి దేవుడి చెవికి దగ్గరగా ఉంటుంది. పూజారి లేని వేళ చూసి తన సంగతి చెప్పమని అతను కోరతాడు. అశుభమని జనం తరిమే జీవికి ఉన్న హక్కు, పొలం దున్ని అన్నం పెట్టే మనిషికి లేదన్న విషయాన్ని ఆయన ఉపన్యాసంగా చెప్పలేదు. కావ్యం కట్టిన తీరులోనే పెట్టేశాడు.

ఇక్కడ మరొకటి గమనించాలి. జాషువా ఆయుధం పద్యం. అది ఎవరి సొత్తని పండితులు అనుకుంటున్నారో ఆ సొత్తునే, వాళ్లు వేలెత్తి చూపలేనంత నున్నగా వాడి చూపించాడు. తూకంరాళ్లు వాళ్లవే, వాటితో తూచింది మాత్రం వాళ్లనే. 1990ల దళిత కవులు చాలామంది ఆ దారి వద్దనుకుని, వాడల్లోని తిట్లు, వంటలు, డప్పు దరువు వచనకవితలోకి తెచ్చారు. పద్యాన్ని స్వాధీనం చేసుకోవడం గొప్పదా, పక్కకు తోసేయడం గొప్పదా అన్న చర్చ ఇప్పటికీ ఉంది. నాకైతే రెండూ ఒకే పనికి రెండు కాలాలు ఎంచుకున్న పనిముట్లనిపిస్తాయి.

రాధ కోపం రాయడానికి అర్హత ఎవరిది

కులం విషయంలో జరిగిందే స్త్రీల విషయంలో మరింత వివరంగా చూడవచ్చు. తంజావూరును ప్రతాపసింహుడు పాలించిన కాలంలో (1739–1763) ఆస్థానంలో ఉన్న వేశ్యాకులపు కవయిత్రి ముద్దుపళని ‘రాధికా సాంత్వనము’ రాసింది. తాను పెంచిన ఇళాదేవిని కృష్ణుడికిచ్చి పెళ్లి చేసిన రాధ, ఆ తర్వాత అతని ఎడబాటు భరించలేక రగిలిపోతుంది. చివరికి కృష్ణుడే వచ్చి బతిమాలుకోవాలి. శృంగారకావ్యాలకు తెలుగులో కొదవలేదు. ఇందులో కొత్తదల్లా కోరిక, అలక, తిరస్కారం అన్నీ రాధ వైపు నుంచి నడవడమే.

దేవదాసీ కుటుంబంలో పుట్టిన గాయని బెంగళూరు నాగరత్నమ్మ ఆ కావ్యాన్ని పరిష్కరించి 1910లో ప్రచురించింది. కందుకూరి వీరేశలింగం, ఒక స్త్రీ నోటి నుంచి రాకూడని పచ్చి మాటలని దాన్ని దుయ్యబట్టారు. నాగరత్నమ్మ బదులు ఈ వ్యాసానికి చాలా ముఖ్యం. సిగ్గు ఆడవాళ్లకే ఉండాలా, మగవాళ్లకు అక్కర్లేదా అని అడిగింది. పంతులుగారే చూసి అచ్చుకు తగునన్న ‘వైజయంతీ విలాసం’లో ఉన్న శృంగారం ఇంతకన్నా తక్కువా అని నిలదీసింది. బూతు ఏదన్న చర్చను ఆమె బూతు రాసే హక్కు ఎవరిదన్న చర్చగా మార్చేసింది. పుస్తకం నిషేధానికి గురైంది. ఆ నిషేధం 1947లో గాని తొలగలేదు.

వీరేశలింగం పక్షాన చెప్పాల్సింది కూడా ఉంది. విధవా వివాహాలు జరిపించిన ఆయన దృష్టిలో ఆ కాలపు వేశ్యావృత్తి ఆడవాళ్లను బలిపెట్టే ఆచారం. దాన్ని సింగారించే కావ్యాలు సంస్కరణకు అడ్డం. ఆయన భయం ఆధారం లేనిది కాదు. కాని ఆ ఆచారం నుంచి విడిపించాలనుకున్న స్త్రీలు తమ గురించి తామే చెప్పుకున్నప్పుడు ఆ మాట వినడానికి సంస్కరణ సిద్ధంగా లేదు.

దీనికి పక్కనే నాట్యరంగంలో జరిగినది చూడండి. భామాకలాపంలో సత్యభామ తెరవెనుక నుంచి తన జడను తెరమీదుగా ముందుకు వేస్తుంది. తనను గెలిచినవాళ్లు ఆ జడ కోసుకోవచ్చని సవాలు. కూచిపూడి సంప్రదాయంలో ఆ జడ పెట్టుకునేది పురుషుడు. వేదాంతం సత్యనారాయణ శర్మ సత్యభామను చూసినవాళ్లు ఆడతనమంటే పుట్టుకతో వచ్చేదా, నేర్చుకుని ధరించేదా అన్న సందేహంలో పడకుండా ఉండలేరు. ఆ విధంగా అది అస్తిత్వాన్ని ప్రశ్నించిన కళే. అయితే గోదావరి జిల్లాల్లో అదే భామాకలాపాన్ని ఆడిన కలావంతుల స్త్రీలు, అంటే ఆటపాటలే వృత్తిగా ఉన్న దేవదాసీ కులంవాళ్లు, 1947 నాటి మద్రాసు దేవదాసీ నిషేధ చట్టం తర్వాత వేదికల నుంచి క్రమంగా మాయమయ్యారు. స్త్రీ వేషానికి చప్పట్లు దొరికిన కాలంలోనే ఆ పాత్రను తరతరాలుగా ఆడిన స్త్రీలకు వేదిక కరువైంది.

ఒక సమూహం లోపలి గదులు

1985 జూలైలో కారంచేడు, 1991 ఆగస్టులో చుండూరు గ్రామాల్లో దళితులపై మారణకాండలు జరిగాక దళిత కవిత్వం ఒక్కసారిగా పోటెత్తింది. 1995లో వచ్చిన ‘చిక్కనవుతున్న పాట’ ఆ గొంతుల్ని ఒకచోట చేర్చింది. దానికి రెండేళ్ల ముందు స్త్రీవాద కవితలతో ‘నీలిమేఘాలు’ వచ్చింది. రెండు సంకలనాలూ సాహిత్యాన్ని కదిలించాయి, రెండింటి మీదా వెంటనే కొత్త ప్రశ్నలు వచ్చాయి. స్త్రీవాదంలోని ‘స్త్రీ’ వంటింట్లో విసిగిన మధ్యతరగతి గృహిణేనా, కలుపు తీయడానికి పోయే మనిషి కాదా? దళితవాదంలోని ‘దళితుడు’ ఎప్పుడూ మగవాడేనా? ఇంట్లో మగవాడి అహంకారం, వీధిలో కులం, రెండు చెంపలమీదా కొట్టే అనుభవాన్ని చల్లపల్లి స్వరూపరాణి వంటి కవయిత్రులు రాశారు. గోగు శ్యామల 2003లో సంపాదకత్వం వహించిన ‘నల్లపొద్దు’ 1921 నుంచి దళిత స్త్రీలు రాసినవాటిని వెతికి తీసింది. మీరు ఇప్పుడిప్పుడే రాస్తున్నారన్న మాటకు అది జవాబు. ప్రతాపరెడ్డి సంచిక చేసిన పనే, మరో మెట్టు లోపల.

1994లో మొదలైన మాదిగ దండోరా ఉద్యమం ఎస్సీ వర్గీకరణను, అంటే ఎస్సీ రిజర్వేషన్లను ఉపకులాల వారీగా పంచాలన్న కోరికను, ముందుకు తెచ్చినప్పుడు ‘దళిత’ అన్న ఉమ్మడి పేరులోనూ ఎవరి గొంతు పైన వినబడుతోందన్న ప్రశ్న కవిత్వంలోకి వచ్చింది. ఇది ఐక్యతను చీలుస్తుందని కొందరు, లేని ఐక్యతను ఉన్నట్టు చూపడమే అన్యాయమని కొందరు వాదించారు. ఇలా ఎంతవరకు విభజించుకుంటూ పోతాం, చివరికి ప్రతి మనిషీ ఒక అస్తిత్వమేనా అన్న ప్రశ్నకు తేలికైన జవాబు లేదు.

వేరేవాళ్ల గురించి రాయవచ్చా

ఈ చర్చలో ఎక్కువగా వినబడేది సహానుభూతి, స్వానుభూతి అన్న జంట. స్వానుభూతి పక్షం వాళ్లు, అంటరానితనాన్ని చూసి బాధపడటం వేరు, దాన్ని అనుభవించడం వేరని, మొదటిది ఎంత నిజాయితీగా ఉన్నా రెండోదానికి సమానం కాదని అంటారు. ఇతరుల కథలు చెప్పినవాళ్లకే పేరు, పారితోషికం దక్కాయన్న చరిత్ర వాళ్ల వెనుక ఉంది. ఎదుటి పక్షం, ఎవరి అనుభవం వాళ్లే రాయాలంటే నవల అన్న ప్రక్రియే ఉండదని, పరకాయప్రవేశమే కల్పనకు ప్రాణమని అంటుంది. ఫలానా కులంవాడివి కాబట్టి ఆ కులం గురించే రాయమని దళిత రచయితను కట్టడి చేసే ప్రమాదాన్నీ ఎత్తిచూపుతుంది. జాషువా తాజ్‌మహల్ మీద, ఫిరదౌసి మీద కావ్యాలు రాశాడని ఈ పక్షం గుర్తుచేస్తుంది.

ఇందాకటి విభజన ఇక్కడ పనికొస్తుంది. చిత్రణకు అనుమతి చీటీ అవసరం లేదు. అది బాగుందా, నిజమా అన్నదే కొలత. ప్రాతినిధ్యం మాత్రం ఒకరు ప్రతిభతో సంపాదించుకునేది కాదు, ఎవరి తరఫున మాట్లాడుతున్నామో వాళ్లు ఇవ్వాల్సింది. ఉన్నవ రాయకూడదని కాదు. ఉన్నవ రాశారు కదా, ఇక చాలు అనకూడదు.

వెండితెర మీది యాస, ఒక దగ్గరి పరిశీలన

తెలుగు సినిమాల్లో దశాబ్దాలపాటు కథానాయకుడు కోస్తా నుడికారపు ప్రమాణభాష మాట్లాడాడు. తెలంగాణ యాస రౌడీకి, హాస్యనటుడికి. ఉత్తరాంధ్ర యాస ఇంటిపనివాడికి. రాయలసీమ యాస బాంబుల ముఠా నాయకుడికి దక్కాయి. ఎవరూ ఏ ప్రాంతాన్నీ తిట్టలేదు, అయినా ఎవరి భాష మామూలుదో ఎవరిది వింతదో ప్రేక్షకుడి చెవికి అలవాటైపోయింది.

2017లో ‘ఫిదా’లో కథానాయిక బాన్సువాడ పిల్లగా తెలంగాణ మాటనే గర్వంగా మాట్లాడింది. ఆ పాత్ర వేసిన సాయిపల్లవి తమిళనాడు అమ్మాయి, నేర్చుకుని సొంత గొంతుతో చెప్పింది. చిత్రణగా అది గెలిచిందనడానికి చూసినవాళ్ల ఆదరణే రుజువు. మరుసటి ఏడాది ‘కేరాఫ్ కంచరపాలెం’ విశాఖపట్నంలోని ఆ పేటవాసులనే నటులుగా పెట్టుకుని, చిత్రణనూ ప్రాతినిధ్యాన్నీ దగ్గరకు తెచ్చింది.

2023 నాటి ‘బలగం’ మరింత చిక్కైన ఉదాహరణ. ఊళ్లో కొమురయ్య అనే పెద్దాయన పోతాడు, పిట్టకు పెడితే కాకి ముట్టదు, కొడుకుల పంతాలు బయటపడతాయి. చావింటి మాటలు, ముక్క కోసం అలిగే అల్లుడు, అన్నీ తెలంగాణ పల్లెల్లో చూసినవాళ్లు చూసినట్టే ఉంటాయి. చివర్లో ఊరూరా కథలు పాడే బుడగజంగాల దంపతులు వచ్చి పోయినాయన మీద పాట పాడతారు. వాళ్లు వేషం వేసిన నటులు కారు, ఆ వృత్తి కళాకారులే. ఊళ్లలో తెరకట్టి వేసిన ప్రదర్శనల్లో జనం ఒకరినొకరు పట్టుకుని ఏడ్చింది ఆ పాట దగ్గరే. తమ కళతో, తమ గొంతుతో, తమ ముఖాలతో వాళ్లు తెరమీదికి వచ్చారు. పాటలో మాత్రం కొమురయ్య బతుకుంది, అతని కొడుకులున్నారు, బిడ్డ ఉంది. పాడుతున్న ఆ ఇద్దరి ఇల్లు ఎక్కడో, వాళ్లింట్లో చావొస్తే పాడేదెవరో కథలోకి రాదు.